పాటకు వరుస కట్టిన అనసూయాదేవి

(బెల్తరాలో తెలుగు ఉద్యోగుల కుటుంబసమావేశమున గావింపబడిన ఉపన్యాసము)



ఒక పాట సభలో వినవచ్చినపుడు దాని వెనుక ముగ్గురుందురు. మాటలు కూర్చిన కవి యొకరు, ఆ మాటలకు వరుస కట్టినవారొకరు, గొంతెత్తి పాడినవారొకరు. పాడినవారిని కన్నులార చూతుము, చప్పట్లతో గౌరవింతుము. కవి పేరు పుస్తకముమీద అచ్చుపడును, పిల్లల పాఠములలో చేరును. వరుస కట్టినవారి పేరుమాత్రము గాలిలో కలిసిపోవును. పాట ఎంత ప్రచారమున వచ్చిన, ఆ పేరు అంత త్వరగా మరుగున పడుటయు కలదు.

దేవులపల్లి కృష్ణశాస్త్రిగారి ‘జయ జయ జయ ప్రియభారత’ గేయము నెరుగని తెలుగువారు అరుదు. స్వాతంత్ర్యదినోత్సవము నాడు తెలుగు బడిలోనైనను, పరరాష్ట్రమునందలి తెలుగు సంఘములోనైనను బాలబాలికలు వరుసగా నిలిచి ఆ గేయమును పాడుచుందురు. వ్రాసినది కృష్ణశాస్త్రిగారని పెద్దలందరును చెప్పగలరు. ఆ గేయమునకు వరుస కట్టినదెవరని యడిగినచో ఎందరు చెప్పగలరు? ఆ పని చేసినది ఆ కవికి మేనకోడలు, కాకినాడ ఆడపడుచు, శ్రీమతి వింజమూరి అనసూయాదేవిగారు. ఆమె స్వయముగా గాయని, హార్మోనియము వాయించుటలో నేర్పరి, జానపద గేయములను సేకరించి సభావేదికపై నిలిపిన విదుషి. ఆమె జీవితమును, కృషిని స్మరించుటయే నేటి ప్రసంగవిషయము.

మన పూర్వులు ఈ విషయమున ఎట్టి విచక్షణ చూపిరో మొదట గమనింపవలెను. పాటయందలి మాటలను వారు ‘మాతువు’ అనిరి. స్వరరచనను ‘ధాతువు’ అనిరి. రెండును సమకూర్చగలవాడే వాగ్గేయకారుడు. 13వ శతాబ్దమున ‘సంగీతరత్నాకరము’ రచించిన శార్ఙ్గదేవుడు వాగ్గేయకారులలో తరతమములు చెప్పుచు, ఇతరులు కల్పించిన ధాతువునకు మాటలు మాత్రము అతుకువానికి ‘కుట్టికారుడు’ అని పేరు పెట్టెను. ధాతువు కల్పించుట యెంత గొప్ప పనియో దీనివలన తెలియుచున్నది. అచ్చుయంత్రము వచ్చినపిదప మాతువునకు కాగితము దొరకినది, ధాతువునకు దొరకలేదు. అందుచేతనే కవి నిలిచెను. వరుస కట్టినవారు వెనుకబడిరి.

అనసూయాదేవిగారు 1920వ సంవత్సరము మే 12వ తేదీన కాకినాడలో జన్మించిరి. తండ్రి వింజమూరి వెంకటలక్ష్మీనరసింహారావుగారు సంస్కృతాంధ్రములయందు పండితులు, రంగస్థలనటులు. తల్లి వెంకటరత్నమ్మగారు ‘అనసూయ’ యను స్త్రీల పత్రికకు సంపాదకురాలుగా నుండి నడిపినవారు. పత్రికకును కూతురికిని పేరొక్కటియే. ఒక స్త్రీ పత్రికను నడుపుట వింతగా తోచు దినములలో తన తల్లి ఆ పని చేయుచుండగా చూచుచు పెరిగిన బాలికకు, తన చేతిపని తన పేరుతోనే లోకమునకు చేరవలెనను తలపు కలుగుట సహజము. మేనమామ కృష్ణశాస్త్రిగారు తెలుగున భావకవిత్వమునకు మేటి. ఇంటనే నాటకమును, పత్రికయును, కవిత్వమును నుండగా పాటకు లోటేమి? ఎనిమిదేండ్ల ప్రాయముననే ఆమె కంఠము గ్రామఫోను రికార్డుకెక్కినదని చెప్పుదురు.

చెల్లెలు సీతాదేవిగారితో కలిసి ఆమె పాడసాగిరి. ‘వింజమూరి సోదరీమణులు’ అను పేరు ఆంధ్రదేశమంతటను వ్యాపించినది. జాతీయోద్యమసభలలో దేశభక్తిగేయములు పాడిరి. సాహిత్యసభలలో భావగీతములు పాడిరి. పిదప పల్లెపదములు పాడిరి. సీతాదేవిగారు అటుపిమ్మట హైదరాబాదు ఆకాశవాణిలో జానపదసంగీతమునకై పనిచేసిరి. అక్కచెల్లెండ్రలో ఎవరి పాలు ఎంత యని విడదీయబూనుట ఉచితము కాదు. వరుసలు కట్టుటయందు మాత్రము అనసూయాదేవిగారి పేరు ప్రత్యేకముగా చెప్పుదురు.

వరుస కట్టుట యనగా నేమి? కవి కాగితముమీద వ్రాసిన గేయమునకు నడక యుండును. అది మూడు మాత్రల నడకయో, నాలుగు మాత్రలదో, అయిదింటి ఖండగతియో, ఏడింటి మిశ్రగతియో కావచ్చును. కాని ఆ నడకలో ఏ మాటపై స్వరము నిలువవలెను, ఏ మాటను తేల్చి విడువవలెను, పల్లవి ఎప్పుడు మరల రావలెను, చరణము ఎంత ఎత్తునకు పోవలెను అను నిర్ణయములు కవి చేయడు. అవి వరుస కట్టువారి పనులు. తప్పు మాటమీద స్వరము నిలిచినచో కవి హృదయము చెడును. దీర్ఘమైన చోట త్వరపడినచో అర్థమే మారును. కవిత్వము చక్కగా తెలిసినవారుగాని ఈ పని చేయజాలరు. సంగీతము తెలియనివారు అసలే చేయజాలరు.

‘జయ జయ జయ ప్రియభారత’ గేయమునే తీసికొందము. అందలి పదములు చాలవరకు సంస్కృతసమాసములు. చదువుమని చేతికిచ్చినచో చిన్నపిల్లలకు నోరు తిరుగుట కష్టము. కాని అయిదారేండ్ల పిల్లలు సైతము పదిమందితో కలిసి తడబాటు లేక పాడుచుందురు. ఏమి కారణము? సమాసమును ఎచ్చట విరిచిన ఊపిరి అందునో అచ్చటనే వరుసయు విరుగును. మరల ఎచ్చట అందుకొనవలెనో స్వరమే చూపును. స్వరములు మరీ ఎత్తునకు పోవు, మరీ క్రిందికి దిగవు. తల్లియు బిడ్డయు ఒకే శ్రుతిలో పాడుకొనవచ్చును. విద్వాంసుడొక్కడే పాడగల వరుస కట్టుట యొక విద్య. వేయిమంది కలిసి పాడగల వరుస కట్టుట మరియొక విద్య. రెండవది తేలికయని తలచువారు ప్రయత్నించి చూడవలెను.

ఇక పల్లెపాటల మాట. అనసూయాదేవిగారి కృషిలో దీనికి పెద్దపీట. నండూరి సుబ్బారావుగారి ‘ఎంకిపాటలు’ 1925లో పుస్తకరూపమున వచ్చినపుడు పల్లెభాషకు కావ్యగౌరవమేమిటని ఆక్షేపించిన పండితులు లేకపోలేదు. అవియైనను చదువుకొన్న కవి వ్రాసినవి. నాట్లు వేయు కూలిస్త్రీ పాటను, ఏతము తొక్కు రైతు పదమును, రోకటిపోటుకు తగిన దంపుళ్ళ పాటను కచ్చేరీవేదికపైకి తెచ్చుట అంతకు మించిన సాహసము. పైగా ఆ పని చేయువారు పండితకుటుంబమునకు చెందిన పడుచులు. కుటుంబస్త్రీలు సభలో పాడుటయే చర్చనీయాంశముగా నున్న కాలమది. అట్టియెడ త్యాగరాజకృతియో జావళియో పాడక పొలముగట్టు పాట పాడుట రెండు గీతలు దాటుట వంటిది. ఒకటి స్త్రీకి గీసిన గీత. రెండవది పాటకు గీసిన గీత.

పల్లెపాటను వేదికపైకి తెచ్చుటలో నొక చిక్కు కలదు. పొలములోని పాట ఒంటరిగా నుండదు. పనితో ముడిపడి యుండును. రోలునందు రోకలి పడు చప్పుడే దంపుళ్ళపాటకు తాళము. ఏతము మీదివాడు ముందుకు వెనుకకు నడచుటయే ఏతపుపాటకు నడక. ఒకరు చరణమెత్తగా పదిమంది వంగి నారు నాటుచు అందుకొనుటయే నాట్లపాటకు పల్లవి. పనిని తీసివేసి పాటను మాత్రము వేదికమీద నిలిపినచో నీటినుండి తీసిన చేపవలె అల్లాడును. రోకలి లేని లోటును వాద్యము తీర్పవలెను. బృందము లేని లోటును ఇద్దరు గాయనులు ఒకరినొకరు అందుకొనుచు తీర్పవలెను. అక్కచెల్లెండ్రు జంటగా పాడుట ఈ విషయమున కలిసివచ్చినది.

అట్లని శాస్త్రీయసంగీతపు నగలన్నియు తొడిగి పాటను గుర్తుపట్టరాకుండ చేయుటయు దోషమే. జానపదగేయపు స్వరపరిధి సాధారణముగా చిన్నది. అయిదారు స్వరములలోనే తిరుగును. దానికి పెద్ద ఆలాపనలు, చిక్కు సంగతులు తగవు. కాని ఆ కొద్ది స్వరములలోనే నిజమైన రాగచ్ఛాయలు గలవు. ఆనందభైరవి, పున్నాగవరాళి, నవరోజు, నాదనామక్రియ మొదలగు రాగములు ప్రజల పాటలనుండియే శాస్త్రమునకు చేరినవని సంగీతజ్ఞులు చెప్పుదురు. లాలిపాటలు, హారతులు, పడవపాటలు విన్నవారికి ఈ మాట వింతగా తోచదు. త్యాగరాజస్వామి సైతము నౌకాచరిత్రమున, ఉత్సవసంప్రదాయకీర్తనలలో ఈ సులభమైన నడకను ఆదరించెను. కావున పల్లెపాటను వేదికకెక్కించుట సంగీతమును దించుట కాదు. అనసూయాదేవిగారు పాటకు పరిమితి పెట్టి, పనికిరాని అలంకారము చేర్చక, మాట స్పష్టముగా వినబడునట్లు పాడు పద్ధతిని అనుసరించిరి.

ఆ కాలపు సాధనములను గూడ తలచుకొనవలెను. అప్పటి గ్రామఫోను పళ్ళెము నిమిషమునకు 78 మారులు తిరుగునది. ఒక్కొక్క వైపున మూడు, మూడున్నర నిమిషముల పాటకే చోటు. పొలములో ఒక పూట సాగు పాటను, పెండ్లిలో గంటసేపు నడచు పాటను మూడు నిమిషములకు కుదింపవలెను. ఏ చరణములు ఉంచవలెను, ఏవి విడువవలెను, పల్లవి ఎన్నిమారులు రావలెను అని తేల్చుకొనుట సంపాదకుని పని. తల్లినుండి ఆ విద్య కొంత అబ్బియుండునని యూహించుట తప్పు కాదు.

మద్రాసు రేడియో కేంద్రము 1938 జూన్ 16వ తేదీన ప్రారంభమైనది. విజయవాడ కేంద్రము 1948 డిసెంబరు 1వ తేదీన వచ్చినది. ఈ పది సంవత్సరములును తెలుగు లలితసంగీతమునకు శైశవము. 1941లో మద్రాసు కేంద్రమున చేరిన బాలాంత్రపు రజనీకాంతరావుగారు మొదలగువారు గేయములకు క్రొత్త వరుసలు కట్టుచుండిరి. అనసూయాదేవిగారి గళమును ఆ కేంద్రము ద్వారా ఇంటింట వినబడినది. సభకు పోలేని గృహిణి వంటయింట నుండియే పాట విని నేర్చుకొనుటకు ఆ దినములలో వీలు కలిగినది. రేడియో లేని యింటివారు ప్రక్కయింటి అరుగుమీద కూర్చుండి వినెడివారు.

ఇచ్చట నొక విశేషము గలదు. అనసూయాదేవిగారికి ప్రియమైన వాద్యము హార్మోనియము. ఆ వాద్యమునకు రేడియోలో చోటు లేకపోయెను! దాని స్వరములు బిగించిన మెట్లపై నుండుటచే గమకములు పలుకవని, శ్రుతి మన సంగీతమునకు సరిపడదని 1940లో ఆకాశవాణి దానిని నిషేధించినది. రవీంద్రనాథ ఠాకూరు సైతము ఆ నిషేధమును హర్షించిరి. 1971లోగాని అది సడలింపబడలేదు. శాస్త్రీయగాయకులకు ఆ నిషేధము తగియుండవచ్చును. కాని తెలుగునాట నాటకములకును, భజనలకును, వీథిపాటలకును హార్మోనియమే ఆధారము. ఒక చేత మెట్లు నొక్కుచు, రెండవచేత తిత్తి ఊదుచు, నోట పాడుచు ఒక్క మనిషియే వరుసను పరీక్షించి చూచుకొనగల వాద్యము మరియొకటి లేదు. ఇంట కూర్చుండి వరుసలు కట్టు స్త్రీకి అది కవి చేతిలోని కలము వంటిది.

జానపదసాహిత్యమును కాపాడిన పెద్దలు తెలుగున పెక్కురు కలరు. నేదునూరి గంగాధరంగారు ఊరూర తిరిగి పాటలను ప్రోగుచేసిరి. బిరుదురాజు రామరాజుగారి ‘తెలుగు జానపద గేయ సాహిత్యము’ 1958లో వెలువడి ఆ విషయమునకు విశ్వవిద్యాలయగౌరవము తెచ్చినది. వారికి తెలుగుజాతి ఋణపడియున్నది. అయినను అచ్చులో నిలిచినది పాటలోని మాటయే. పుస్తకము తెరచి చదువువానికి ఆ పాట ఎట్లు పాడవలెనో తెలియదు. అనసూయాదేవిగారు ఈ లోటును గుర్తించిరి. తాము పాడిన జానపదగేయములను, భావగీతములను స్వరములతోసహా గ్రంథములుగా ప్రకటించిరి. ‘స రి గ మ’లు తెలిసిన ఏ పిల్లయైనను ఆ పుస్తకము ముందుంచుకొని వరుసను మరల పలికింపవచ్చును. ఆమె పనులన్నిటిలో దీర్ఘకాలము నిలుచునది ఇదియే కావచ్చును.

స్వరము వ్రాసిపెట్టకున్న నేమగునో తెలిసికొనుటకు అన్నమాచార్యులవారి చరిత్ర చాలును. వేలకొలది సంకీర్తనలు రాగిరేకులపై చెక్కబడి తిరుమలలో భద్రముగా నుండినవి. మాటలు నిలిచినవి, రాగముల పేర్లు నిలిచినవి, ఆయన పాడిన వరుసలు మాత్రము నిలువలేదు. 20వ శతాబ్దమున రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మగారు, నేదునూరి కృష్ణమూర్తిగారు మొదలగు విద్వాంసులు మరల క్రొత్తగా వరుసలు కూర్పవలసివచ్చినది. రాగికి సాధ్యము కానిది ఒక్కొక్కమారు గొంతునకు సాధ్యమగును. క్షేత్రయ్య పదములు అభినయించు స్త్రీల నోటనుండి నోటికి పారంపర్యముగా వచ్చుటచే వాని వరుసలలో కొన్ని నేటికిని దక్కినవి. ఆ స్త్రీల పేర్లు ఏ పుస్తకముననున్నవి? పాటను కాపాడినవారే పేరు లేక పోవుట మన చరిత్రలో తరచు జరిగినది.

ఇతరదేశములలో మాత్రము న్యాయము జరిగినదా? పారిస్ నగరమున 1804లో జన్మించిన లూయీజ్ ఫరాంక్ అను స్త్రీ గొప్ప పియానో విద్వాంసురాలు, స్వరకర్త. మూడు సింఫనీలు రచించెను. 1842లో పారిస్ సంగీతకళాశాలలో పియానో ఆచార్యపదవి లభించి, ముప్పదేండ్లు ఆ పదవిలో నుండెను. కాని సమానమైన పనికి పురుషాచార్యులకంటె తక్కువ జీతమిచ్చిరి. 1850లో ఆమె రచించిన నవవాద్యగోష్ఠి గొప్పగా జయించినది. యువకుడైన యోఆకిం అను ప్రసిద్ధ వయొలిన్ విద్వాంసుడు అందు పాల్గొనెను. ఆ జయమును ఆధారముగా చేసికొని ఆమె అధికారులకు విన్నవించుకొనగా జీతము సమానము చేసిరి. ఉద్యోగుల సమావేశమున ఈ కథకు వ్యాఖ్యానము అక్కరలేదు. కాని 1875లో ఆమె మరణించినపిదప ఆ రచనలు గ్రంథాలయములలో నిదురించినవి. దాదాపు నూరేండ్లకు పిమ్మటగాని లోకము వానిని మరల వాయించి వినలేదు.

ఇరువురి కథలను ప్రక్కప్రక్కనుంచి చూడుడు. ఫరాంక్ రచనలు కాగితముమీద నిలిచినవి. ఎవ్వరును పాడలేదు, వాయించలేదు. అందుచేత ఆమె పేరు మరుగుపడినది. అనసూయాదేవిగారి వరుసలు అందరి నోటను నిలిచినవి. అందరివియు నగుటచే ఎవరివో తెలియకుండ పోయినవి. వినబడకపోవుట వలన ఒకరు, మిక్కిలిగా వినబడుట వలన ఒకరు మరువబడిరి. మొదటి నష్టమును తీర్చుటకు వాద్యబృందము కావలెను, ధనము కావలెను. రెండవ నష్టమును తీర్చుటకు ఒక పంక్తి చాలును. ఆహ్వానపత్రికలో ‘రచన’ అని వ్రాసిన చోట ‘స్వరరచన’ అని మరియొక పంక్తి వ్రాసిన సరిపోవును.

అనసూయాదేవిగారి కృషిపై ఒక ఆక్షేపణ చేయువారు గలరు. వేదికమీది పల్లెపాట నిజమైన పల్లెపాట కాదని, పట్టణమువారి రుచికై దిద్దబడినదని వారి వాదము. ఇందు కొంత సత్యము లేకపోలేదు. మైకు ముందు రాగయుక్తముగా పాడునపుడు ఎండలో, బురదలో పాడిన గొంతులోని అలసట రాదు. కాని దిద్దకుండ అట్లే విడిచినచో ఏమైయుండెడిది? ఏతములు పోయి ఇంజన్లు వచ్చినవి. రోకళ్ళు పోయి మిల్లులు వచ్చినవి. పనితో పుట్టిన పాట పనితోనే పోవును. పొలములో పోయిన పాటకు మరియొక యిల్లు చూపవలెనన్న కొంత దిద్దుబాటు తప్పదు. వేదికయే ఆ రెండవ యిల్లు. ఆ యింటికి తలుపు తెరచినవారిలో ఆమె మొదటివరుసలోనివారు.

గృహిణిగా ఆమె అవసరాల వారి కోడలు; భర్త శేషగిరిరావుగారు. సంసారమును, సంగీతమును జంటగా నడిపిరి. ఆంధ్ర విశ్వవిద్యాలయము 1977లో ‘కళాప్రపూర్ణ’ బిరుదమునిచ్చి సత్కరించినది. కుమార్తె రత్నపాపగారు కూచిపూడి నర్తకి. అమెరికాలోని హ్యూస్టన్ నగరమున 1975లో నృత్యశిక్షణసంస్థను నెలకొల్పినవారు. అనసూయాదేవిగారును చరమదశ ఆ నగరముననే గడపిరి. వృద్ధాప్యమునను పాట మానలేదు, వ్రాత మానలేదు. ‘అసమాన అనసూయ’ అను పేరుతో తమ కథను తామే వ్రాసికొనిరి. పేరులోనే కొంత అతిశయము కలదని నవ్వువారుండవచ్చును. లోకము మరచుచున్నదని ఎరిగిన కళాకారిణి తన పేరు తానే చెప్పుకొనుటలో అతిశయముకంటె అవసరమే హెచ్చు. 2019 మార్చి నెలలో, నూరేండ్లకు కొద్ది దూరమున, హ్యూస్టన్‌లో కన్నుమూసిరి. కాకినాడలో మొదలైన పాట సముద్రములు దాటి విశ్రమించినది.

సముద్రము దాటిన తెలుగువారికి పాట ఎట్టి ఆధారమో, వింధ్య దాటకయే ఇల్లు విడిచివచ్చిన తెలుగువారికిని అట్టిదే. బెంగాల్ నాగపూర్ రైల్వే కాలమునుండి శ్రీకాకుళము, విజయనగరము ప్రాంతములవారు ఉద్యోగములకై బిలాస్‌పూరు వైపు వచ్చి స్థిరపడిరి. 2003లో ఆగ్నేయమధ్య రైల్వేకు బిలాస్‌పూరు ప్రధానస్థానమైనది. బెల్తరా మొదలగు పరిసరములలోని తెలుగు కుటుంబములలో నేటి పిల్లలు బడిలో హిందీ చదువుదురు. వీథిలో ఛత్తీస్‌గఢీ మాటలాడుదురు. తెలుగు అక్షరములు రాని పిల్లలును కొందరున్నారు. వారికి తెలుగు మొదట చెవిద్వారా వచ్చును. మనుమరాలిని ఊయలలో పరుండబెట్టి మామ్మ పాడు లాలియే ఆ పిల్లకు తొలి తెలుగువాచకము.

ఆ లాలి ఎచ్చటిది? పలాస దగ్గరిదో, బొబ్బిలి దగ్గరిదో. మామ్మతో వచ్చిన ఆ వరుస ఏ పుస్తకమునను లేకపోవచ్చును. పుట్టిన ఊరిలోనే అది ఇపుడు మరువబడియుండవచ్చును. వలస వచ్చినవారు పాతమాటను, పాతవరుసను పదిలముగా దాచుకొనుట లోకమున చూచుచున్నదే. అట్టి పాటలు ఈ కాలనీలలో ఎన్ని గలవో లెక్కించినవారు లేరు. ఆ ముసలమ్మ వెళ్ళిపోయిన దినమున ఆ పాటయు వెళ్ళిపోవును.

నాడు అనసూయాదేవిగారికి ఎనిమిదేండ్ల ప్రాయమున ఒక పాట పట్టుకొనుటకు గ్రామఫోను కంపెనీ కావలసివచ్చినది. నేడు ప్రతి ఇంటను చేతిఫోను కలదు. సంఘమువారు ఈ సంవత్సరము చేయదగిన పని స్పష్టముగా నున్నది. ప్రతికుటుంబమును తమ ఇంటి పెద్దలచేత రెండు మూడు పాటలు పాడించి పదిలపరుపవలెను. పాడినవారి పేరు, వారి ఊరు, ఏ పనివేళ పాడెడివారో, ఎవరివద్ద నేర్చిరో వ్రాసికొనవలెను. సంగీతము తెలిసిన యువతులు ఆ వరుసలను స్వరపరచవలెను. ఇట్లు చేసినచో మాతువుతోబాటు ధాతువును దక్కును; పాటతోబాటు పాడినవారి పేరును దక్కును.

రానున్న స్వాతంత్ర్యదినమున పిల్లలు ‘జయ జయ జయ ప్రియభారత’ పాడుటకు నిలిచినపుడు, పరిచయము చేయువారు కవి పేరు చెప్పి ఊరకొనక, ‘వరుస కట్టినది వింజమూరి అనసూయాదేవిగారు’ అని చెప్పవలెను. ఒక్క వాక్యమునకు పట్టునది ఒక్క క్షణము. అది విన్న బాలికలలో ఎవరైన ఇంటికి పోయి, హార్మోనియము మెట్లపై వ్రేళ్ళుంచి, తానును ఒక వరుస కట్టి చూడవలెనని తలచినచో, ఆ మహనీయురాలికి అంతకుమించిన నివాళి మరియొకటి యుండదు.